'ఉపసంహారం': మనసును కొట్టే అస్త్రాలతో ఒక కార్డుల ఆట, ప్రాజెక్టు డైరీ

ఆషాఢం చివర

అస్త్రాలతో కార్డుల ఆట చేస్తున్నానని చెప్పగానే అందరూ అడిగేది ఒకటే. ఆగ్నేయాస్త్రానికి ఎన్ని పాయింట్లు? వారుణాస్త్రం వేస్తే అందులో ఎన్ని పోతాయి? ఈ ఆటలో ఆ రెండూ లేవు. నిప్పు మీద నీళ్లు, పాము మీద గరుడుడు, ఇవన్నీ ఒక వస్తువును ఇంకో వస్తువుతో కొట్టే అస్త్రాలు. భారత రామాయణాల్లో ఇంకో జాతి ఉంది. అది ఒంటికి గాయం చెయ్యదు. మెలకువను కొడుతుంది, జ్ఞాపకాన్ని కొడుతుంది, నమ్మకాన్ని కొడుతుంది, కళ్ల ముందున్నది నిజమో కాదో తేల్చుకునే తెలివిని కొడుతుంది. ఇంకా పుట్టనివాళ్లను కూడా కొడుతుంది. ఈ జాతి అస్త్రాలు మాత్రమే ఉండే ఆట చెయ్యాలని ఎన్నాళ్ల నుంచో కోరిక. పేరు 'ఉపసంహారం' అని పెట్టాను. అస్త్రం వెయ్యడం ఒక విద్య అయితే వేసినదాన్ని వెనక్కి తీసుకోవడం అంతకంటే పెద్ద విద్య అని ఈ కథలన్నీ ఏదో ఒక చోట చెబుతూనే ఉంటాయి.

ముందు నోట్‌బుక్‌లో జాబితా వేసుకున్నాను. విరాటపర్వంలో సమ్మోహనం, ఉద్యోగపర్వంలో ప్రస్వాపనం, ద్రోణపర్వంలో నారాయణాస్త్రం, సౌప్తికపర్వంలో బ్రహ్మశిరం. వీటికి అస్త్రమన్న పేరుంది. పేరు లేకపోయినా అదే పని చేసినవి ఇంకా ఉన్నాయి: ద్రోణుడి చెవిన పడ్డ ఒక్క వాక్యం, శల్యుడి సారథ్యం, కర్ణుడికి పరశురాముడి శాపం, ఇంద్రజిత్తు చూపించిన మాయాసీత. వీటిని కూడా అస్త్రాల్లోనే కలిపేశాను. వింటి నుంచి వచ్చిందా నోటి నుంచి వచ్చిందా అని చూడలేదు. ఎక్కడ తగిలిందన్నదే చూశాను.

అన్నీ పక్కపక్కన పెట్టి చదువుతుంటే ఒక సంగతి బయటపడింది. ఈ అస్త్రాలకు సొంత బలం చాలా తక్కువ. ఎదుటివాడు దేన్ని గట్టిగా పట్టుకుని ఉన్నాడో దాన్నుంచే బలం తీసుకుంటాయి. ద్రోణుడికి కొడుకు మీద అంత ప్రేమ లేకపోతే ఆ వాక్యం గాలిలో కలిసిపోయేది. చేతిలో ఆయుధం లేనివాడి దగ్గర నారాయణాస్త్రం చల్లారిపోయింది. ఆటకు ఇదే పునాది. ప్రతి ఆటగాడి ముందూ అందరికీ కనబడేలా 'పట్టు' కార్డులు పరిచి ఉంటాయి: పుత్రప్రేమ, సత్యం, ప్రతిజ్ఞ, విద్య, పగ. పట్టు ఎంత ఎక్కువ ఉంటే కట్టలోంచి అన్ని ఎక్కువ కార్డులు ఎత్తుకోవచ్చు. ఎదుటివాడు అస్త్రం వేసేది కూడా దాని మీదే. ఏ పట్టూ లేనివాణ్ణి ఏ అస్త్రమూ తాకదు, కానీ వాడికి ఎత్తుకోవడానికి కార్డూ ఉండదు. నలుగురు ఆడాలి, ఇద్దరిద్దరు ఒక జట్టు. ప్రాణాల లెక్క లేదు. జట్టులో ఇద్దరూ కార్డు వెయ్యలేని స్థితికి వస్తే ఆట అయిపోయినట్టు.

శ్రావణం

మొదట సమ్మోహనం తీసుకున్నాను, తెలుగువాళ్లకు బాగా తెలిసిన కథ కాబట్టి. ఉత్తర గోగ్రహణంలో అర్జునుడు సమ్మోహనాస్త్రం వేసి శంఖం పూరిస్తాడు. కౌరవ వీరులంతా చేతిలో విల్లు జారిపోయి తెలివి తప్పుతారు. అప్పుడు వాళ్ల తలలు తెగ్గొట్టడానికి ఎంతసేపు? కానీ అతను చేయించిన పని వాళ్ల బట్టలు తెప్పించడం. తన బొమ్మపొత్తికలకు కట్టడానికి కావాలని విరాటుడి కూతురు ఉత్తర అడిగింది గదా. ద్రోణ కృపుల తెల్లబట్టలు, కర్ణుడి పచ్చబట్ట, అశ్వత్థామ దుర్యోధనుల నీలిబట్టలు తెమ్మని ఉత్తరుడికి చెబుతూ, భీష్ముడి వైపు మాత్రం పోవద్దంటాడు. ఆయనకు దీని విరుగుడు తెలుసు, మెలకువగానే ఉండి ఉంటాడు అని.

నియమం మొత్తం ఆ సన్నివేశంలోనే ఉంది, నేను కల్పించాల్సింది పెద్దగా లేకపోయింది. సమ్మోహనం పడగానే ఎదుటి జట్టు చేతిలో కార్డులు బల్ల మీద బోర్లించాలి. వేసినవాడు వాటిని తీసెయ్యడానికి వీల్లేదు, చూడటానికీ వీల్లేదు. ఒక్కొక్కరి దగ్గర ఒక గుడ్డముక్క మాత్రం తీసుకుంటాడు. అది పరువు. పరువు పోయినవాడు తర్వాతి వంతులో ముందు వెయ్యలేడు. దర్జీ దుకాణంలో అడిగితే సంచీ నిండా కత్తిరింపులు ఇచ్చారు. అందులోంచి తెలుపు, పసుపు, నీలం ముక్కలు అగ్గిపెట్టె కొలతకు కోసి, అంచులు పోగులు రాకుండా కొవ్వొత్తి మంటకు చూపించాను. పాలిస్టర్‌కి అంచు చక్కగా కరిగి అతుక్కుంటుంది. కాటన్ నల్లబడుతుంది, దానికి పల్చగా ఫెవికాల్ రాసి ఆరబెట్టాలి.

'భీష్మ' కార్డు ఉన్నవాడు కూడా అందరితోపాటు తల వంచి కార్డులు బోర్లిస్తాడు, కానీ ఆ కాస్త సేపట్లో ఎదుటివాడి కార్డు ఒకటి దొంగచాటుగా చూడొచ్చు. మెలకువగా ఉండి కదలకుండా ఉండటమనే ఆ ముసలాయన స్థితి నాకు చాలా ఇష్టం. దాన్ని కార్డులోకి తేగలిగినందుకు ఆ రోజంతా హుషారుగా గడిచింది.

ప్రస్వాపనం కూడా భీష్ముడిదే. అంబ కోసం పరశురాముడితో కురుక్షేత్రంలో 23 రోజులు యుద్ధం చేసినప్పుడు వసువులు కలలో కనిపించి దీన్ని గుర్తు చేస్తారు. దీనితో పరశురాముడు చావడు, నిద్రపోతాడు, తర్వాత సంబోధనాస్త్రంతో లేపవచ్చు అంటారు. యుద్ధంలో నిద్రపోయినవాడూ చచ్చినవాడూ ఒకటేనట. తీరా సంధించాక నారదుడూ దేవతలూ వద్దంటే భీష్ముడు వెనక్కి తీసుకుంటాడు. యుద్ధం మాత్రం అక్కడితో ఆగిపోతుంది. వెయ్యని అస్త్రంతో ముగిసిన యుద్ధం! కాబట్టి ఆటలో కూడా ఈ కార్డు వెయ్యకూడదు. తిప్పి అందరికీ చూపించి మళ్లీ చేతిలో పెట్టుకోవాలి. ఎదుటివాడు ఆ వంతు వదులుకుని తప్పుకోవాలి.

వినాయక చవితి సెలవులు

ఇంటి నిండా జనం. నారాయణాస్త్రాన్ని పరీక్షించడానికి ఇంతకంటే మంచి సమయం దొరకదు.

కథ క్లుప్తంగా. ద్రోణుడు పోయాక అశ్వత్థామ కోపంతో నారాయణాస్త్రం వేస్తాడు. ఎదిరించినకొద్దీ పెరుగుతుందది. ఆయుధాలు కింద పడేసి రథాలు దిగి నిలబడండి, అదొక్కటే ఉపాయం అని కృష్ణుడు కేకేస్తాడు. మనసులో పోరాడాలనుకున్నా సరే, పాతాళంలో దాక్కున్నా వదలదంటాడు. సేన అంతా దిగిపోతుంది. భీముడొక్కడే గద ఎత్తి ఎదురెళ్తాడు, అస్త్రమంతా వచ్చి అతని మీద పడుతుంది. అర్జునుడు వారుణాస్త్రంతో అతన్ని కప్పుతాడు, లాభం లేదు. చివరికి కృష్ణార్జునులు ఆయుధాలు వదిలి ఆ మంటలోకి దూకి, భీముణ్ణి రథం మీంచి కిందికి లాగుతారు. అప్పుడుగాని అది శాంతించదు.

కార్డు పడితే చేతిలో ఉన్నవన్నీ బల్ల మీద పెట్టెయ్యాలి. పెట్టినవాడు క్షేమం, ఒక్క కార్డు ఉంచుకున్నా వాడి పట్టులన్నీ పోతాయి. ఇంతవరకు తేలిక. మనసులో పోరాడేవాణ్ణి పట్టుకోవడం ఎలా? అష్టాచెమ్మా ఆడే చింతపిక్కల్లో దారి దొరికింది. ప్రతివాడూ గుప్పిట్లో ఒక గింజ దాచుకుంటాడు. చింతపిక్క అయితే ఇంకా పోరాడతానని, గురివింద గింజ అయితే వదిలేశానని. కార్డులు పెట్టాక అందరూ ఒక్కసారే గుప్పిళ్లు తెరవాలి. కార్డులు పెట్టేసి చింతపిక్క పట్టుకున్నవాడికి ఇంకో లాభం ఉంది. అస్త్రం ఎలాగోలా తప్పితే వాడే ముందు ఎత్తుకోవచ్చు. ఆ ఆశ ఉండాలి, లేకపోతే గింజకు అర్థం లేదు.

అక్క కొడుకు ఎనిమిదో తరగతి. వాడి చేతిలో మంచి కార్డులు పడ్డాయి. నారాయణాస్త్రం రాగానే మిగతావాళ్లు టపటపా పెట్టేశారు. వాడు రెండు చేతులతో కార్డులు గుండెకు అదుముకున్నాడు.

"పెట్టరా, పెట్టేస్తే అయిపోతుంది!" వాడి జట్టులో ఉన్న మా తమ్ముడు అరుస్తున్నాడు.

"నేను పెట్టను చిన్నమామయ్యా. ఇన్ని మంచి కార్డులు మళ్లీ రావు."

తమ్ముడు తన కార్డులు కింద పడేసి, వాడి వేళ్లు ఒక్కొక్కటీ విప్పి కార్డులు లాగేశాడు. గది అంతా ఒకటే గోల. వాడి చెంపలు ఎర్రబడ్డాయి, ఏడుపు ఒక్కటే తక్కువ. నాకు మాత్రం ఒళ్లు జలదరించింది, ఎందుకంటే నియమాల కాగితంలో ఈ లాగడం ఎక్కడా లేదు. కథ తనంతట తాను బల్ల మీద జరిగింది. ఆ రాత్రే కాగితంలో చేర్చాను: జట్టువాడు తన కార్డులన్నీ ముందు వదిలేస్తే పక్కవాడి చేతిలోంచి లాగి కాపాడవచ్చు. చేతిలో ఏదైనా ఉంచుకుని లాగడానికి వీల్లేదు.

ఇంకొకటి. ఆ అస్త్రం మళ్లీ వెయ్యమని దుర్యోధనుడు అడిగితే కుదరదంటాడు అశ్వత్థామ, రెండోసారి వేస్తే వేసినవాణ్ణే చంపుతుందట. కనుక ఒకసారి వాడాక నారాయణాస్త్రం పెట్టెలోకి వెళ్లిపోతుంది, ఆ ఆటలో ఇక రాదు.

దసరా

ఈ నెలంతా మాటలే అస్త్రాలైన కార్డులు.

ద్రోణుడిది ముందు. యుద్ధంలో 15వ రోజు. మాళవరాజు ఏనుగు పేరు అశ్వత్థామ, భీముడు దాన్ని చంపి అశ్వత్థామ చచ్చాడని ద్రోణుడి ముందు అరుస్తాడు. ద్రోణుడు నమ్మడు. మూడు లోకాలిస్తామన్నా అబద్ధమాడనివాడని ధర్మరాజునే అడుగుతాడు. ఏనుగు అన్న మాట మెల్లిగా నోట్లోనే ఉంటుంది, మిగతాది ద్రోణుడి చెవికి చేరుతుంది. అంతవరకు నేలకు నాలుగు అంగుళాలు ఎత్తులో నడిచిన ధర్మరాజు రథం అప్పుడు నేలను తాకుతుంది. (అంగుళాలంటే ఇక్కడ వేళ్ల వెడల్పు.)

ఇందులో నాకు పనికొచ్చింది నమ్మకం ఎవరి దగ్గర ఉందన్నది. భీముడి నోట పనిచెయ్యని అదే మాట ధర్మరాజు నోట పనిచేసింది. ఇన్నేళ్లూ కూడబెట్టిన సత్యమంతా ఒక్క బాణంలా ఖర్చయిపోయింది. 'సత్యం' పట్టు ఉన్న ఆటగాడు ఆటంతా అబద్ధం చెప్పకూడదు, అడిగితే చేతిలో ఏముందో ఉన్నదున్నట్టు చెప్పాలి. బదులుగా అతని రథం బొమ్మ ఒక చెక్కదిమ్మ మీద ఎత్తుగా ఉంటుంది, వంతుకు ఒక కార్డు ఎక్కువ వస్తుంది. ఈ ఘట్టానికి చేసిన 'కుంజర' (ఏనుగు) కార్డు మీద రెండు వరుసలు ఉంటాయి. పై వరుస గట్టిగా చదివి, కింది వరుస బొటనవేలితో మూసిపెట్టాలి. విన్నవాడు నమ్మి తీరాలి, అది నియమం. అతని పుత్రప్రేమ బోర్లా పడుతుంది. వెంటనే చదివినవాడి రథం కింది దిమ్మ తీసెయ్యాలి, మళ్లీ పెట్టడం లేదు. ఆడించి చూస్తే సత్యం ఉన్నవాళ్లు ఈ కార్డు చేతికి వచ్చాక ఎంతసేపైనా వెయ్యకుండా ఊగిసలాడుతున్నారు. సరిగ్గా అదే కావాలి నాకు.

శల్యసారథ్యం గురించి తెలుగువాడికి కొత్తగా చెప్పాల్సిందేమీ లేదు. కర్ణుడి రథం తోలుతూ అతని తేజస్సు తగ్గిస్తానని శల్యుడు యుద్ధానికి ముందే ధర్మరాజుకు మాటిచ్చాడు, హంస కాకి కథ చెప్పి మరీ తగ్గించాడు. ఈ కార్డు పడితే మన జట్టువాడే మన ప్రతి ఎత్తుకూ ముందు ఒక నిరుత్సాహపు మాట అనాలి. మూడు వంతులు ఉంచి చూశాం, దంపతులు ఆడుతుంటే నిజం గొడవలోకి దిగింది. ఒక్క వంతుకు కుదించాను. ఆ ఒక్క వంతే చాలు.

పరశురాముడి శాపం మీద ఎక్కువ పని పడింది. సమయానికి బ్రహ్మాస్త్రం గుర్తుకు రాదన్నది శాపం. ఆటగాడు మరిచిపోయినట్టు నటిస్తే లాభం లేదు, నిజంగానే మరిచిపోవాలి. అందుకని 'విద్య' కార్డుల మీద నాలుగేసి పదాల వరుసలు రాశాను. అన్నీ దగ్గర దగ్గర మాటలే: ధాత, దాత, త్రాత, నేత లాంటివి. ఆట మొదట్లో ఒకసారి చూసుకుని బోర్లించాలి. వేసేటప్పుడు తిప్పకుండా వరుస తప్పకుండా చెప్పాలి. శాపం కార్డు వేసినవాడు ఆ సమయంలో ఎదురుగా కూర్చుని తన వరుస పైకి చదువుతుంటాడు. గంట క్రితం నీళ్లలా వచ్చిన నాలుగు మాటలు నాలుక చివర ఆగిపోతాయి. మిగతా కార్డులు బొమ్మ మీద ఉన్న వీరుణ్ణి కొడతాయి, ఇది కార్డు పట్టుకున్న మనిషినే కొడుతుంది. కట్ట మొత్తంలో నాకు ఎక్కువ తృప్తినిచ్చింది ఇదే.

కార్తీకం

గాండీవం కార్డు కోసం మా ఊళ్లో పురాణం చెప్పే మాస్టారి దగ్గరికి వెళ్లాను. కర్ణపర్వం ఘట్టం ఆయన చెబుతుంటే వినాలి. కర్ణుడి దెబ్బలకు శిబిరానికి చేరిన ధర్మరాజు కోపంలో గాండీవం ఇంకెవరికైనా ఇచ్చెయ్యమంటాడు. ఆ మాట అన్నవాణ్ణి చంపుతానని అర్జునుడికి రహస్య ప్రతిజ్ఞ ఉంది, కత్తి దూస్తాడు. కృష్ణుడు అడ్డుపడి ఉపాయం చెబుతాడు. పెద్దవాణ్ణి ఏకవచనంతో 'నువ్వు' అని పిలిస్తే చంపినట్టే. అర్జునుడు అలాగే అన్నను తిడతాడు. తిట్టాక సిగ్గుతో తనను తాను చంపుకోబోతాడు. ఆత్మస్తుతి చేసుకో, అదే ఆత్మహత్య అంటాడు కృష్ణుడు. రెండు హత్యలు జరిగాయి, ఒక్క నెత్తురు బొట్టు కారలేదు, ప్రతిజ్ఞ కూడా తీరింది.

కార్డు నియమం మాస్టారి ముందే రాశాను: ప్రతిజ్ఞ పట్టు ఉన్నవాడు దాన్ని నిలుపుకోవాలంటే బల్ల దగ్గర తనకంటే పెద్దవాళ్లను ఏకవచనంతో ఒక మాట అనాలి. ఆడి చూద్దామని కూర్చున్నాం. తమ్ముడు ఆయన దగ్గర చదువుకున్నవాడు. వాడి వంతు వచ్చింది.

"అను నాయనా, ఆటే గదా," అన్నారు మాస్టారు.

తమ్ముడు నోరు తెరిచి, మళ్లీ మూసి, ప్రతిజ్ఞ కార్డు తీసి పక్కన పెట్టేశాడు. "నా వల్ల కాదు మాస్టారూ, ఓడిపోతాను."

ఆయన చాలాసేపు ఆ కార్డునే చూస్తూ ఉన్నారు. నియమం ఒక్క అక్షరం కూడా మార్చలేదు నేను.

మాయాసీత కార్డు త్వరగానే కుదిరింది. ఇంద్రజిత్తు వానరుల కళ్లెదుట మాయాసీతను నరుకుతాడు, హనుమంతుడంతటివాడు కళ్లారా చూసి నమ్మి చెబుతాడు, రాముడు కుప్పకూలతాడు. అక్కడ లేని విభీషణుడు తేలుస్తాడు: రావణుడు సీతను ఎన్నటికీ చంపనివ్వడు, ఇది నికుంభిలలో హోమం పూర్తయ్యేదాకా మనల్ని ఏమార్చే ఎత్తు అని. చూసినవాడికి తెలియని నిజం వాడి ఎత్తు తెలిసినవాడికి తెలిసింది. కనుక 'మాయ' అని చెప్పే హక్కు దెబ్బ తిన్నవాడికి ఇవ్వలేదు, పక్కవాడికిచ్చాను. కార్డు చూడకూడదు, వేసినవాడికి దీనివల్ల ఏం ఒరుగుతుందో ఆలోచించి చెప్పాలి. మాయలు తెలిసిన రాక్షసుడు విద్యుజ్జిహ్వుడు చేసిన రాముడి మాయాశిరస్సు, దాన్ని చూసి విలపించే సీతకు నిజం చెప్పే సరమ కూడా ఇదే నియమంలో ఇమిడిపోయారు. వాళ్లకు వేరే బొమ్మలు వేయిస్తాను.

మార్గశిరం, ప్రింటింగ్

గుండ్రటి కార్డులు వేద్దామని మనసులో ఉండేది, నిర్మల్ గంజీఫాల మీద ఇష్టంతో. దశావతార గంజీఫాలో పది రంగులు, రంగుకు పన్నెండు, మొత్తం 120 గుండ్రటి ముక్కలు. కానీ గుండ్రంగా కొయ్యాలంటే డై (కోత అచ్చు) చేయించాలి, తక్కువ సంఖ్యకు గిట్టుబాటు కాదు. మామూలు 63 బై 88 మిల్లీమీటర్ల కొలతకే వచ్చేశాను. ఏ3 షీటుకు అడ్డంగా ఆరు, నిలువుగా మూడు, 18 కార్డులు పడతాయి, మెషీను కాగితాన్ని పట్టుకునే గ్రిప్పర్‌కి అంచులూ మిగులుతాయి. 300 జీఎస్ఎం ఆర్ట్ కార్డు, పైన మ్యాట్ లామినేషన్. మెరిసే గ్లాసీ లామినేషన్ వేస్తే ట్యూబులైటు వెలుగు పడి ఎదుటివాడికి కార్డు కనబడుతోంది.

తెలుగులో కార్డులు చేసేవాళ్లకు ఒక మాట. ప్రింటింగ్ షాపు కంప్యూటర్లో ఫాంటు లేకపోతే ఒత్తులు విడిపోతాయి, 'అస్త్రం' చదవడానికి వీలులేకుండా పోతుంది. ఫైలు ఇచ్చే ముందు అక్షరాలన్నీ కర్వులుగా (ఫాంటుతో పనిలేని గీతల బొమ్మలుగా) మార్చి ఇవ్వండి. పేర్లకు రామభద్ర ఫాంటు, నియమాలకు మండలి వాడాను. చిన్న సైజులో కూడా మండలి గుడి దీర్ఘాలు కలిసిపోకుండా నిలబడుతుంది.

పుష్యం, సంక్రాంతికి ముందు

మిగిలింది బ్రహ్మశిరం ఒక్కటే. దీన్ని కావాలనే చివరికి ఉంచాను.

గంగ ఒడ్డున వ్యాసుడి దగ్గర అశ్వత్థామ ఒక గడ్డిపోచ తీసుకుని, అపాండవం కావాలని వేస్తాడు. ఒక మనిషి పేరు కాదు, ఒక సేన పేరు కాదు. పాండవులన్నదే లేని లోకం కావాలని. అర్జునుడూ అదే అస్త్రం వేస్తాడు, అస్త్రానికి అస్త్రం శాంతించాలని కోరుకుని. నారదుడూ వ్యాసుడూ రెంటి మధ్యా నిలబడతారు. అర్జునుడు తనది వెనక్కి తీసుకుంటాడు. అశ్వత్థామకు అది చేతకాదు. పాండవ స్త్రీల గర్భాల మీదికి మళ్లిస్తాడు. ఉత్తర గర్భంలో ఉన్న పరీక్షిత్తు మీద పడుతుంది. బొమ్మపొత్తికలకు బట్టలడిగిన ఉత్తరే ఈమె. ఈ రెండు కార్డులూ ఒకే పెట్టెలో పక్కపక్కన ఉన్నాయని గమనించినప్పుడు నేను పని ఆపి లేచి వాకిట్లోకి వెళ్లాను.

ఆటలో ఇంకా పుట్టనిదంటే కట్టలో మిగిలిన కార్డులే. బ్రహ్మశిరం చేతిలో ఉన్నవాటిని ముట్టుకోదు, కట్ట మీద పడుతుంది. ఎదుటివాడు కూడా బ్రహ్మశిరం వేస్తే రెండూ ఎదురుబొదురుగా బల్ల మీద నిలుస్తాయి, ఇద్దరికీ వెనక్కి తీసుకునే అవకాశం వస్తుంది. పగ పట్టు ఉన్నవాడు తీసుకోలేడు, ముందు పగ కార్డు పారెయ్యాలి. పారెయ్యనంటే కట్టలో సగం చూడకుండా పెట్టెలోకి పోతుంది. దాంట్లోంచి ఒక్క కార్డు మాత్రం కృష్ణుడి కార్డు ఉన్నవాడు వెనక్కి తేవచ్చు.

బ్రహ్మశిరాన్ని ఇంకో పరమాస్త్రంతో కొట్టిన చోట 12 ఏళ్లు వాన పడదని కూడా ఉంది. వానల కోసం విరాటపర్వం చదివించే ఊళ్లు మనవి. ఈ మాట వదిలెయ్యడానికి మనసొప్పలేదు. రెండు బ్రహ్మశిరాలు ఢీకొంటే 12 వంతుల పాటు ఎవరూ కట్టలోంచి ఎత్తుకోకూడదని రాశాను. నలుగురికి అంటే తలా మూడు వంతులు. అప్పటికే చేతులు ఖాళీ అయ్యే జట్లకు ఇది చావుదెబ్బ. ఆడినవాళ్లలో సగం మంది ఆరు చాలంటున్నారు. మాస్టారు 12 ఉండాల్సిందే అంటున్నారు. నా మొగ్గు 12 వైపే, ఎందుకంటే అంత నష్టం ఎదురుగా కనబడితేనే ఎవరైనా పగ కార్డు ముందుగా పారేస్తారు. పండగకు అక్కావాళ్లు వస్తున్నారు. భోగి రోజు రాత్రి రెండు రకాలుగానూ ఆడించి, కార్డు మీద అంకె అప్పుడు వేయిస్తాను. ఆ చోటు ప్రింటు ఫైలులో ఖాళీగా ఉంచాను.